తెలుగు కవిత్వమున చింత: వర్ణనకు రాని వృక్షము

1. ప్రస్తావన

కొన్ని సంవత్సరముల క్రిందట ఒక పరిశోధక విద్యార్థి తన సిద్ధాంతవ్యాసములోని ఒక ప్రకరణమును నాకు చూపెను. ప్రాచీన కావ్యములలోని వనవర్ణనములను ఆధారముగా గొని, తెలుగుదేశమున ఏ కాలమున ఏ వృక్షములుండెనో నిరూపింప నతడు యత్నించియుండెను. పట్టికలు శ్రద్ధగా కూర్పబడినవి. వానిలో మందారము కలదు, లవంగము కలదు, చందనము కలదు, చింత లేదు. కావ్యములలో విశేషముగా కనబడదు కావున ఆ కాలమున చింతకు ప్రాచుర్యము తక్కువయై యుండునని అతడు నిర్ణయించెను. ఆ వాక్యమును చదివినపుడు నాకు నవ్వు రాలేదు. ప్రబంధవర్ణనములను గూర్చి నేను వ్రాసిన సిద్ధాంతవ్యాసమున చింతను గూర్చియే యొక పొరపాటు కలదు. దానిని ఇంతవఱకు ఎవరును ఎత్తిచూపలేదు. ఈ వ్యాసమున ఆ రెండు పొరపాట్లును విచారింపబడును.

తెలుగువాని దినచర్యలో చింత ప్రవేశింపని పూట అరుదు. చిగురు పప్పులో పడును, పచ్చికాయ తొక్కగును, పండు పులుసునకును, చారునకును, పులిహోరకును మూలము, గింజ ఆటకును జిగురునకును పనికివచ్చును, మ్రాను నీడకును, పొయ్యికిని, రోకలికిని వచ్చును. ఇంతటి చెట్టునకు మన కావ్యవనములలో చోటు లేకపోవుట యెట్లు? కావ్యమున లేనిచో మఱి మన సాహిత్యమున ఎచ్చట నున్నది? ఈ లేమినుండి పరిశోధకుడు ఏమి గ్రహింపవలెను? ఈ మూడు ప్రశ్నలే ఈ వ్యాసమునకు విషయము.

2. నామచర్చ

చింత యను రూపము తెలుగున రెండు వేఱువేఱు పదములకు నిలయము. మనోవ్యథ, ఆలోచన యను అర్థములలో అది సంస్కృతమునుండి వచ్చినది. వృక్షార్థమున అది దేశ్యము. గోండి, కోలామీ మొదలైన సోదరభాషలలో దీనికి దగ్గఱి రూపములు కలవు. తమిళమున, మలయాళమున ఈ చెట్టునకు పుళి యని పేరు; అనగా రుచియే చెట్టునకు నామమైనది. తెలుగు మాత్రము చెట్టునకు ఒక పేరును, రుచికి మఱియొక పేరును నిలుపుకొన్నది. ఆ పులి ధాతువు మనకు పులుపు, పులుసు, పుల్లన, పులియోగిరము మొదలగు మాటలలో కనబడును. నేలపై ప్రాకెడు ఒక చిన్న పుల్లాకునకు పులిచింత యని పేరు పెట్టి, మనవారు ఆ రెండు పదములను ఒక్కచోట చేర్చినారు.

సంస్కృతమున అమరసింహుడు వనౌషధివర్గమున తింతిడీ, చించా, అమ్లికా యను పర్యాయములను చెప్పెను. మన కవులు వాడిన తింత్రిణి ఈ మొదటిదానికి రూపాంతరము. అమరము చదువని ప్రాచీనకవి మనకు లేడు. కావున చింతను గూర్చి వ్రాయుటకు తగిన సంస్కృతపదము దొరకకపోయినదను సమాధానము చెల్లదు. పదము చేతనే యున్నది, చెట్టు ఎదుటనే యున్నది. ఐనను వర్ణనము లేదు.

ఇంకొక విషయము గమనింపదగినది. ఈ వృక్షమునకు ఉష్ణమండలపు ఆఫ్రికా జన్మభూమియని వృక్షశాస్త్రజ్ఞుల మతము. అతి ప్రాచీనకాలముననే అది భారతదేశమును చేరి, ఇచ్చటిదే యైనది. అరబ్బులు దీనిని హిందూదేశపు ఖర్జూరమనిరి. ఆ మాటయే పాశ్చాత్యభాషల పేళ్ళకు మూలమై, 1753లో లిన్నేయసు పెట్టిన శాస్త్రనామమున కూడ చేరినది. అమెరికా ఖండమునుండి తరువాత వచ్చిన వేఱొక చెట్టును మనవారు సీమచింత యనిరి. తాను వచ్చినదన్న సంగతియే మఱపునకు వచ్చి, తరువాత వచ్చినదానిని సీమది యని పిలుచుటకు కొలతయైనదన్నచో, చింత ఈ నేలలో ఎంత లోతుగా పాతుకొన్నదో ఊహింపవచ్చును. చింతపల్లి, చింతలపూడి, చింతకాని, చింతకొమ్మదిన్నె మొదలగు ఊళ్ళపేళ్ళును, చింతల, చింతలపాటి మొదలగు ఇంటిపేళ్ళును ఇందుకు సాక్ష్యములు. ఊరికి పేరు పెట్టువాడు కవిసమయమును చూడడు. కంటికి కనబడిన చెట్టును చూచును.

3. వనవర్ణనములలోని మౌనము

ఇక కావ్యములకు వత్తము. పరీక్షకు అనువైన స్థలము పోతన భాగవతములోని గజేంద్రమోక్షణకథ. త్రికూటపర్వతమును వర్ణించుచు పోతన ఒక దీర్ఘవచనమున చెట్ల పేళ్ళను వరుసగా చెప్పెను. అందు ఏబదికి మించిన తరులతాదుల పేళ్ళు కలవు. సంస్కృతమూలమున ఆ సందర్భమున నలువదికి పైగా నున్నవి. పోతన మూలమును అక్షరమక్షరము అనుసరింపలేదు. మూలమున లేని లవంగము, కేతకి, వకుళము మొదలగువానిని తాను చేర్చెను. అనగా చేర్చుటకు అతనికి స్వేచ్ఛ కలదు, ఇచ్ఛయు కలదు. వేప, రేగు, వెలగ, మారేడు, ఉసిరిక మొదలైన మన ఊరిచెట్లు సంస్కృతనామములతో ఆ పట్టికలో ఉన్నవి. చింత మూలమున లేదు. పోతన చేర్చిన వానిలోను లేదు.

ఇది ఛందోనిర్బంధము కాదు, ఏలయన అది వచనము. శబ్దాలంకారమునకు అడ్డు వచ్చెననుటయు కుదరదు. తకారముతో మొదలగు పేళ్ళు అందు వరుసగా వచ్చుచున్నవి. తింత్రిణి వాని నడుమ సుఖముగా ఒదిగియుండెడిది. పోతనకు చింత తెలియదనుట హాస్యాస్పదము. కావున కారణమును వేఱుచోట వెదకవలెను.

వనవర్ణన మనునది అరణ్యశాఖవారి లెక్కపుస్తకము కాదు. అది కవిపరంపర ఒకరినుండి ఒకరికి అప్పగించుచు వచ్చిన ఒక నామావళి. అందు చేరుటకు వృక్షమునకు కొన్ని అర్హతలు కావలెను. పువ్వు సువాసన గలదియో, రంగున ఉపమానమునకు తగినదియో కావలెను. లేదా తుమ్మెదకో, కోకిలకో, విరహిణికో దానితో సంబంధముండవలెను. అశోకమునకు కాంత పాదతాడనమును, వకుళమునకు ఆమె పుక్కిట మద్యమును దోహదములుగా కవులు కల్పించిరి. మామిడిచిగురు కోకిలకంఠమునకు మందు. ఈ సంబంధములు లేని చెట్టు ఎంత ఉపయోగకరమైనను కావ్యద్వారమువెలుపల నిలిచిపోవును. చింతపువ్వు చిన్నది, పసుపువన్నెపై ఎఱ్ఱని చారలు గలది; దగ్గఱకు పోయి చూచినగాని దాని అందము తెలియదు. చింతచిగురు లేత యెరుపుతో చూడముచ్చటగా నుండును గాని, దానిని చూచిన తెలుగువానికి కాంత అధరము తలపునకు రాదు. పప్పు తలపునకు వచ్చును. వేపకును భోజనసంబంధము కలదు కదా యనవచ్చును. ఉగాదినాటి పచ్చడిలో వేపపూవు ఏడాదికొక్కమాఱు రుచిచూపును; చింత ప్రతిదినము చట్టిలో నుండును. నిత్యపరిచయము వర్ణనకు శత్రువు.

రుచిని గూర్చి కూడ ఒక మాట చెప్పవలెను. తియ్యదనము కవిత్వమునకు ప్రియమైన రుచి. పలుకు, పాట, పెదవి, పద్యము అన్నియు తీయనివే. పులుపు అట్లు కాదు. పులుపు పేరు చెప్పినంతమాత్రమున వినువాని నోట నీరూరును, ముఖము ముడుచుకొనును. చూచి ఆనందింపవలసిన వాడు తినుటకు సిద్ధపడును. శృంగారవనమున ఇట్టి భంగమును కవి కోరడు. అందుచేత చింత ఉన్నతకావ్యమున ప్రవేశింపవలెనన్నచో హాస్యముయొక్క చేయూత కావలసివచ్చినది. ఈ విషయము తరువాతి ప్రకరణమున తేటపడును.

భోజనవర్ణనములలో నైనను చింత పేరు వినబడునా యని చూతము. వినుకొండ వల్లభరాయని క్రీడాభిరామమున పూటకూటియింటి భోజనమును గూర్చిన పద్యము సుప్రసిద్ధము. కొందఱు ఈ గ్రంథమును శ్రీనాథకృతమందురు. ఒక్క రూకకు లభించు ఆ భోజనమున అన్నము, గోధుమపిండివంట, పంచదార, నేయి, పెసరపప్పు, అరటిపండ్లు, పెరుగు వేఱువేఱుగా పేర్కొనబడినవి. పులుపును కారమును కలవి మాత్రము నంజులను ఒక్క సామాన్యనామముక్రింద, నాలుగైదను లెక్కతో, చెప్పబడినవి. తీపికి, నేతికి పేరు కలదు. పులుపునకు లెక్క మాత్రమే కలదు. అప్పటికి మిరపకాయ ఈ దేశమునకు రాలేదు. పోర్చుగీసువారి రాకకు తరువాతనే అది మనకు తెలిసినది. టమాట అంతకును తరువాతది. కావున నాటి వంటలో నాలుకను మేల్కొలుపు భారము చింతపైనను, మిరియముపైనను, ఆవపైనను, అల్లముపైనను నేటికంటె హెచ్చుగా నుండెను. ఐనను ఆ పద్యమున చింత నంజుల చాటుననే యున్నది.

4. శ్రీనాథుని పేర ప్రసిద్ధమైన చాటువు

చింతచిగురు పేరెత్తి చెప్పిన ప్రసిద్ధపద్యము మనకు ఒకటి కలదు. పలనాటి సంచారమున శ్రీనాథుడు చెప్పెనని లోకమున వ్యాప్తిలో నున్న చాటువులలో అది యొకటి. చాటువుల కర్తృత్వము ఎప్పుడును సందేహాస్పదమే; కావున శ్రీనాథుని పేరను నేను వ్యవహారార్థమే వాడుచున్నాను. పద్యభావమిది. కవి శ్రీకృష్ణుని సంబోధించును. పూతన యొక్క విషపుపాలు త్రాగితిననియు, దావాగ్నిని మ్రింగితిననియు గర్వించుట యెందులకని ప్రశ్నించును. చింతచిగురు చేర్చి వండిన ఉడుకు బచ్చలికూరతో జొన్నకూడు ఒక్క ముద్ద దిగమ్రింగినచో అప్పుడు నీ పస తెలియునని సవాలు చేయును.

నా సిద్ధాంతవ్యాసమున ఈ పద్యమును గూర్చి నేను వ్రాసినది రెండు వాక్యములు. వరియన్నమునకు అలవాటుపడిన ఆస్థానకవి పలనాటి పేదభోజనమును అసహ్యించుకొనెనని మొదటి వాక్యము; చింతచిగురు ఆనాడు దారిద్ర్యచిహ్నమని రెండవ వాక్యము. మొదటిది సగము నిజము. రెండవదానికి పద్యమున ఆధారము లేదు. ఈ సంగతి నాకు తెలిసినది గ్రంథాలయమున కాదు. ఒకనాడు ఇంట ఈ పద్యమును విద్యార్థులకు చెప్పుచుండగా, వంటయింటినుండి మా అమ్మ విని, "జొన్నకూటిలోనికి అంతకంటె మంచి కూర ఏది? బచ్చలి జిగురు చింతచిగురుతో కాక మఱి దేనితో విఱుగును?" అని అడిగినది. నాయొద్ద సమాధానము లేకపోయినది.

ఆ ప్రశ్నతో పద్యమును మరల చదువవలసివచ్చినది. బచ్చలి సహజముగా జిగురుగల ఆకుకూర. పులుపు చేరినచో ఆ జిగురు తగ్గి, చప్పని కూరకు రుచి కలుగును. జొన్నకూడు వరియన్నమువలె మెత్తనిది కాదు. గొంతు దిగుటకు దానికి పులుసో, పలుచని కూరయో తోడు కావలెను. అనగా జొన్న, బచ్చలి, చింతచిగురు మూడును కూడుట దైన్యముచేత జరిగిన ప్రమాదము కాదు. మెట్టనాటి వంటకత్తె యెఱిగి కూర్చిన కూర్పు. కవి దానిని ఇష్టపడకపోవచ్చును గాని, దాని భాగములను తప్పక గుర్తించి వరుసగా చెప్పెను. నంజులను ఒక్క మాటతో తేల్చిన పూటకూటి పద్యమునకును, వండిన విధము తెలియునట్లు చెప్పిన ఈ పద్యమునకును ఉన్న భేదము గమనింపవలెను.

ఇక పదప్రయోగమును చూతము. జొన్న, కూడు, ఉడుకు, బచ్చలి, ముద్ద ఇవన్నియు తెలుగు మాటలు. చింతచిగురు మాత్రము చింతచిగురుగా రాలేదు; తింత్రిణియు పల్లవమును కలిసిన సంస్కృతసమాసముగా వచ్చినది. పల్లవశబ్దమునకు కావ్యభాషలో ఒక స్థానము కలదు. అది మామిడిది, అశోకముది; కాంతల కరచరణములకును అధరమునకును ఉపమానము. దానిని తింత్రిణితో ముడిపెట్టి, బచ్చలిశాకమున వేసి, జొన్నకూటిప్రక్కన కూర్చుండబెట్టుటలోనే పద్యము యొక్క నవ్వు అంతయు నున్నది. దేశ్యమున చింతచిగురని చెప్పినచో అది వంట యగును. పల్లవమని చెప్పుటచేత అది చమత్కారమైనది. వనవర్ణనద్వారమున వెలుపల నిలిచిన చెట్టు వేషము మార్చుకొని, హాస్యముతో లోనికి వచ్చినదన్నమాట.

పద్యమున మఱియొక సూక్ష్మము కలదు. పూతన స్తన్యము విషము, దావాగ్ని వేడి. మూడవదిగా చెప్పబడిన ముద్ద ఉడుకుది, పుల్లనిది. మొదటి రెండును భగవంతుని లీలలు. మూడవది పలనాటి రైతు ప్రతిదినమును చేయు పని. దేవునికి కష్టమని కవి ఎగతాళిచేసిన పనిని ఆ ఊరివారందఱును రెండుపూటల చేయుచున్నారు. ఈ పద్యము వినిన పలనాటివాడు కోపగింపక నవ్వి, తరతరములుగా దీనిని కంఠస్థము చేయుటకు కారణము ఇదియే యని నా యూహ. ఎగతాళి ఎవరిపై పడినదో పద్యము తేల్చి చెప్పదు. ఆ ముద్దను దిగమ్రింగలేని అతిథి కవియే కదా.

ఈ పద్యమును సాంఘికచరిత్రకు ఆధారముగా వాడునపుడు ఇంకొక జాగ్రత్త అవసరము. చింతచిగురు వసంతమున వచ్చి వేసవితోనే ముదురును. కావున పద్యము ఆ ఋతువున పుట్టెనని ఊహింప మనసగును. కాని చిగురును ఎండబెట్టి నిలువచేయు ఆచారము మనకు కలదు. ఆచారము తెలియనిచో ఊహ నిర్ణయమగును. తెలిసినచో అది ఊహగానే నిలుచును.

5. దేవుడును దయ్యమును

కావ్యవనమున చోటు దొరకని చింతకు స్థలపురాణమున ఉత్తమస్థానము లభించినది. వేంకటాచలమాహాత్మ్యమున శ్రీనివాసుడు తిరుమలకొండపై చింతచెట్టుక్రింది పుట్టలో నివసించెను. అచ్చటికే గోవు వచ్చి పాలు కురిసెను. తరిగొండ వెంగమాంబ మొదలైనవారి ద్వారా ఈ మాహాత్మ్యము తెలుగున జనసామాన్యమునకు చేరినది. తెలుగునాటి వైష్ణవులకును పూజ్యుడైన నమ్మాళ్వారు తమిళనాటి ఆళ్వారుతిరునగరిలో చింతచెట్టు తొఱ్ఱలో యోగనిష్ఠ నుండెనని గురుపరంపర చెప్పుచున్నది. చింతాకులు రాత్రి ముడుచుకొనుట మనమందఱము ఎఱిగినదే. ఆ చెట్టు ఆకులు మాత్రము ముడువవని సంప్రదాయమున ప్రసిద్ధి. అందుచేత దానిని నిద్రింపని చింతయందురు. ఆకు ముడుచుకొనుటను గమనించిన కన్నే ఈ కల్పనకు మూలము. స్థలపురాణకర్త ఉన్న చెట్టును చూచెను; దానికి మహిమను ఇచ్చెను.

ఇదే చెట్టుపై పల్లెవాడు దయ్యమును కూర్చుండబెట్టెను. చింతనీడ రాత్రివేళ మంచిది కాదనియు, వేపనీడ మేలనియు పెద్దలు చెప్పుట మనము వినుచునే యున్నాము. కావ్యమున దయ్యమునకు నివాసము వేఱు. ఆముక్తమాల్యదలోని మాలదాసరికథలో బ్రహ్మరాక్షసుని నెలవు మఱ్ఱి. సంస్కృతకథలలో బేతాళుడు వ్రేలాడునది శింశుపావృక్షము. కృష్ణదేవరాయలు పల్లెబ్రతుకును దగ్గఱగా చూచిన కవి. ఐనను అతని చేతిలో దయ్యపుచెట్టు ఊడలతో విస్తరించిన మహావటమైనదిగాని చింత కాలేదు. మఱ్ఱిని దీర్ఘసమాసములతో వర్ణింపవచ్చును. చింతను గూర్చి అవ్వ కథ చెప్పవచ్చును. చింతపై దయ్యము ముద్రితకావ్యమున చేరక, మాట వరుసలోనే తరతరములు జీవించినది. దేవుని పుట్టను నీడపట్టునదియు, దయ్యమును మోయునదియు ఒక్క చెట్టే యగుట పరస్పరవిరుద్ధము కాదు. ఊరినడుమను, బాటప్రక్కను, బహుకాలము నిలుచు చెట్టును గూర్చి జనులు ఊరకుండరు.

6. సామెతలు, నానుడులు

చింతకు మన భాషలో నిజమైన ప్రబంధము సామెతలలో నున్నది. మంత్రములకు చింతకాయలు రాలునా యను సామెతను తీసికొందము. మామిడికాయయో, నేరేడుపండో అనక చింతకాయయే ఎందులకు? పండిన మామిడి గాలికి రాలును. నేరేడు తనంతట రాలును. చింతకాయ పండి, ఎండి, చెట్టుననే బహుకాలము పట్టుకొని వ్రేలాడును. చెట్టెక్కి కొమ్మలను కుదిపి దులుపవలెను, లేదా గడకఱ్ఱతో కొట్టవలెను. ఒకరు దులుపుదురు, పలువురు ఏఱుదురు. తరువాత పెంకు తీసి, ఈనెలు లాగి, గింజలు వేఱు చేయవలెను. శ్రమ లేక చేతికి రాని ఫలమునకు చింతకాయకంటె తగిన ఉదాహరణము తెలుగుదేశమున లేదు. సామెత కట్టినవాడు ఆ చెట్టుక్రింద నిలిచి కాయలేఱినవాడు.

చింత చచ్చినను పులుపు చావదను సామెతయు ఇట్టిదే. అధికారము పోయినను అహంకారము పోనివానిని గూర్చి దీనిని చెప్పుదురు. ఇచట పులుపు నింద. వంటలో గుణమైనది నడవడిలో దోషమైనది. చింతాకంత యన్నచో అత్యల్పమని అర్థము. ఈనెకు రెండువైపుల జంటలుగా పేర్చినట్లుండు ఆ చిన్నచిన్న రేకులను చూచినవారికి వివరణము అక్కఱలేదు. అట్టి అల్పమైన ఆకే పతకమునకు రూపమైనది. రామదాసు ఇక్ష్వాకుకులతిలకుని సంబోధించిన కీర్తనమున సీతమ్మకు తాను చేయించిన నగలలో చింతాకుపతకమును పేర్కొని, దానికైన పెద్దమొత్తమును కూడ చెప్పెను. చెఱసాలలోని భక్తుడు తన సేవను ఏకరువు పెట్టుచు, అల్పమునకు పేరైన ఆకును అధికమైన వ్యయముతో జతచేయుటచేత ఆ పలుకునకు ఎత్తిపొడుపు కలిగినది. రామదాసు దీనిని ఉద్దేశపూర్వకముగా చేసెనని నేను చెప్పజాలను. అది కంసాలివారి వాడుకమాట. వాడుకమాటయందే ఈ శక్తి యుండుట ముఖ్యము.

మన విమర్శకులు మిక్కిలి వాడిన చింతమాట పాతచింతకాయపచ్చడి. కాలము చెల్లిన భావమును, పాతబడిన కవిత్వమును నిరసించుటకు ఆధునికులు దీనిని అస్త్రముగా గొనిరి. కాని ఇంట దీని విలువ వేఱు. ఏడాది దాటిన చింతకాయపచ్చడిని జ్వరము తగ్గినవారికి, బాలింతలకు పథ్యముగా పెట్టుదురు, క్రొత్తదానిని పెట్టరు. ఊరుటచేత అది పాడుకాదు, పాకమునకు వచ్చును. విమర్శకుని వాక్యమున నిందయైనది జాడీలో ప్రశంస. ఈ నానుడిని వాడుకొన్న విమర్శకులలో ఎందఱు ఆ జాడీమూతను తీసి చూచిరో తెలియదు గాని, భోజనమునకు దూరమైన భాష ఎట్లు తలక్రిందులగునో తెలుపుటకు ఇంతకంటె మంచి నిదర్శనము నాకు దొరకలేదు.

7. చేతిపనులలో చింత

సాహిత్యచర్చలో చేతిపనుల ప్రసక్తి యెందులకని శంకింపవచ్చును. కారణము కలదు. తెలంగాణములోని చేర్యాలలో నకాషీ చిత్రకారులు వ్రాయు కథాపటములు మన జానపదసాహిత్యమున భాగములు. కులపురాణములను గానము చేయువారు ఆ పటమును విప్పి, బొమ్మను చూపుచు కథ నడుపుదురు. పద్మశాలీయులకు చెప్పు మార్కండేయపురాణము ఇట్టిది. ఆ గుడ్డ రంగును పట్టుకొనుటకు దానిపై పూయు పూతలో ఉడికించిన చింతగింజల జిగురు కలదు. చేర్యాల బొమ్మలకును, కొండపల్లి బొమ్మలకును రంపపుపొట్టుతో కలిపి పెట్టు మక్కులో కూడ చింతగింజలపిండియే పట్టునిచ్చునది. వర్ణనకు రాని చెట్టు కథకు ఆధారభూమియైనది. తాటియాకు గ్రంథములను పరిశోధించువారు ఆకును గూర్చియు గంటమును గూర్చియు వ్రాయుదురు. ఈ పటములను గూర్చి వ్రాయువారు చింతగింజను మఱవరాదు. పిల్లలు వామనగుంటలలో పోసి పంచుకొను గింజయు ఇదియే. ఆ ఆటతో వచ్చు లెక్కలు, పాటలు, తగవులు మనము ఇంకను పూర్తిగా సేకరింపలేదు.

హైదరాబాదునగరమున 1908 సెప్టెంబరు 28న మూసీనది పొంగినపుడు, నేటి ఉస్మానియా వైద్యశాల ఆవరణలోని ఒక చింతచెట్టును పట్టుకొని నూటయేబదిమంది ప్రాణములు దక్కించుకొనిరని ప్రసిద్ధి. ఆ చెట్టును నగరవాసులు నేటికిని గౌరవముతో చూపుదురు. ఆనాడు దాని కొమ్మలపైనున్నవారు దానికి తగిన ఉపమానమును వెదకియుండరు.

8. ఉపసంహారము

పై విచారణవలన తేలినది ఇది. చింత మన సాహిత్యమున లేదనుట తప్పు. వర్ణనమున అరుదుగా నున్నదనుట ఒప్పు. పేరుపెట్టుటలో, తిట్టుటలో, నవ్వుటలో, భయపెట్టుటలో, మ్రొక్కుటలో, వండుటలో అది నిండుగా నున్నది. కవి కంటితో చూచి దూరమునుండి మెచ్చుకొను వస్తువులకు వర్ణనము స్థానము. జనులు చేతితోను నాలుకతోను ఎఱిగిన వస్తువులకు సామెత, చాటువు, కథ, ఊరిపేరు స్థానములు. ఒక ప్రక్రియయొక్క మౌనమును ఒక దేశముయొక్క లేమిగా చదువరాదు. కావ్యమున కనబడిన లవంగమును మన అడవిలో నాటుటయు, కనబడని చింతను పెఱికివేయుటయు ఒక్క పొరపాటునకు రెండు ముఖములు.

మొదట చెప్పిన విద్యార్థి తన ప్రకరణమును మార్చి వ్రాసెను. పట్టికలు అట్లే యున్నవి. వాని శీర్షిక మాత్రము మారినది. తెలుగుదేశపు వృక్షములని యుండినచోట తెలుగుకావ్యములలోని వృక్షములని వ్రాసెను. ఆ ఒక్క మార్పుతో అతని శ్రమ సార్థకమైనది. నా సిద్ధాంతవ్యాసమున నేను చాటువుపై వ్రాసిన రెండవ వాక్యమును కొట్టివేయవలసినదిగా ఈ వ్యాసముద్వారా పాఠకులకు మనవి చేయుచున్నాను. మొదటి వాక్యములోని సగము నిజమును నిలుపుకొనవచ్చును: కవికి ఆ ముద్ద దిగలేదు. ఆ కూర చెడ్డదని మాత్రము పద్యము చెప్పలేదు.

ఇకముందు ఈ విషయమున చేయదగిన పని చాలా కలదు. మండలముల వారీగా చింతను గూర్చిన సామెతలు, పొడుపుకథలు, పిల్లల ఆటపాటలు, కాయ దులుపువారి మాటలు, పచ్చడిజాడీల పరిభాష సేకరింపవలసియున్నవి. లేతకాయనుండి దోరకాయ, పండు, గింజతీసిన పండు వఱకు ప్రతి దశకును ఒక్కొక్క ప్రాంతమున ఒక్కొక్క పేరు కలదు. ఈ పేళ్ళు వృద్ధస్త్రీల నోళ్ళలో నున్నవి. మన నిఘంటువులలో అన్నియు లేవు. మన శాఖల పరిశోధకులు గ్రంథాలయమునకు పోవు త్రోవలోనే ఒక చింతచెట్టు ఉండకమానదు. దాని క్రింద కాయలేఱుచున్నవారి మాటలను కాసేపు నిలిచి వినుట కూడ పరిశోధనయే.